మూగ రీలు

"భుజం మీద మచ్చ ఏందని అడిగిన్రు నన్ను! నడి చౌరస్తల, పది మందిల!"

నర్సయ్య మెడ మీది తువ్వాల తీసి విసిరికొట్టాడు. అది నడవాలో నేల మీద పడింది. తియ్యడానికి ఎవరూ కదలలేదు.

పొద్దున్నే చాయ్ తాగడానికి పోయిన మనిషి, సగం గ్లాసు హోటల్లోనే వదిలేసి వచ్చాడు. వరంగల్ కాశిబుగ్గలో జంపఖానాలు నేసేవాళ్లలో నర్సయ్య మాట కాదనేవాడు లేడు. ఎవరింట్లో అన్నదమ్ములు విడిపోయినా, ఎవరి ఆలుమగల తగువు వీధికెక్కినా ఆయన వచ్చి కూర్చుంటేనే తెగేది. అలాంటి మనిషిని ఒకడు పక్కన కూర్చోబెట్టుకుని, నవ్వుతూ అడిగాడట.

"నర్సన్నా, మా వదినె సినిమాల వడ్డదట గదనే? మా పోరడు కాలేజీల జూసొచ్చిండు. భుజం మీద గంత మచ్చ ఏందే, పాపం?"

"పాపం అన్నడు వాడు! నా పెండ్లాన్ని పట్టుకొని పాపం అన్నడు! పోరగాండ్లందరు కూసొని జూసిన్రట. సారంగపాణీ! తెర మీద నీ పేరే వడ్డదట గద? మాట్లాడవేందిరా?"

వీధి వైపు గదే కొడుకు సారంగపాణి ఫోటో స్టూడియో. నడవా గుమ్మంలో నిలబడి అతను చేతిలోని లెన్సును మెత్తటి గుడ్డతో తుడుస్తున్నాడు. తుడిచిందే తుడుస్తున్నాడు.

అతని వెనక, చీకటి గది తలుపు దగ్గర భార్య సరస్వతి నిలబడి ఉంది. ఫోటోలు కడిగే మందు వాసన ఆమె చేతుల నిండా ఉంది. కొంగుకు తుడుచుకుందామనుకుంది కానీ మామ చూపు తన మీదికి మళ్లుతుందేమోనని అలాగే ఉండిపోయింది.

వంటింట్లో అత్త మొగిలమ్మ పొయ్యి ఊదుతోంది. కట్టెలు బాగానే మండుతున్నాయి. అయినా ఊదుతోంది.

"చెప్పురా! కన్నతల్లిని రైక లేకుంట కూసోవెట్టి బొమ్మ తియ్యడానికి నీకు చేతులెట్ల వచ్చినయ్?"

సారంగపాణి లెన్సును జేబులో వేసుకున్నాడు. తండ్రి వైపు చూడలేదు. భార్య వైపు చూడలేదు. గోడకున్న క్యాలెండరు వైపు చూస్తూ అన్నాడు.

"నేను తియ్యలే నాయినా. నాకేం సంబంధం లేదు. గది సరస్వతి తీసింది."



సరస్వతికి మొదట ఆ మాట అర్థం కాలేదు.  సరస్వతి తీసింది. ఈ ఒక్క మాట అతని నోట ఎప్పుడు వింటానా అని ఆమె ఎన్ని పూటలు ఎదురుచూసింది! అతను అంటాడు, ఎవరో ఒకరు తన వైపు తిరిగి చూస్తారు, తాను తల వంచుకుంటుంది, లోపల మాత్రం పొంగిపోతుంది. అలా అనుకుంది పిచ్చిది. ఇప్పుడు అన్నాడు. దొంగను పట్టిచ్చినట్టు అన్నాడు.

ఆ ఎనిమిది ఎం.ఎం. సినిమా కెమెరాను సారంగపాణి పెళ్లిళ్ల కోసం కొన్నాడు. వరంగల్‌లో పెళ్లివాళ్లకు ఆల్బమ్ కావాలి కానీ, గోడ మీద కదిలి మాయమైపోయే బొమ్మ ఎవరికి కావాలి? కెమెరా బీరువాలో పడి ఉంది. దాన్ని సరస్వతి బయటికి తీసింది. స్టూడియోలో ఫోటో దిగడానికి వచ్చే ఆడవాళ్లను చూసీ చూసీ ఆమెకు ఒక సందేహం పట్టుకుంది. కుర్చీలో కూర్చోగానే ప్రతి మనిషీ ఇంకో మొఖం పెట్టుకుంటుంది. పెళ్లిచూపుల పిల్ల ఒక మొఖం, కొత్త పెళ్లికూతురు ఒక మొఖం, మొగుడు పోయాక పింఛను కోసం ఫోటో దిగే మనిషి ఒక మొఖం. ఎవరూ చూడనప్పుడు వీళ్ల మొఖాలు ఎట్లుంటాయి?

అది పట్టుకోవాలని చూసింది. నూలు కండెలు చుట్టే ఆడవాళ్ల చేతులు తీసింది. స్టీలు గ్లాసులో వంకర్లు పోయే తన కళ్లను తానే తీసుకుంది. బిందె ఎత్తుకుని నడుస్తూ, ఆ మనిషికి దారి ఎట్లా కనిపిస్తుందో ఆ ఎత్తు నుంచి తీసింది. మొదట్లో సారంగపాణి నవ్వాడు. తర్వాత ముచ్చటపడ్డాడు. "ముందు వెల్తురు జూడు సరసూ, తర్వాత మనిషి తనంతట తనే కండ్లవడ్తది," అని పక్కన కూర్చుని నేర్పాడు. వాళ్ల కాపురంలో అవి మంచి రోజులు.

పాస్‌పోర్టు ఫోటో కోసం వచ్చిన కాలేజీ లెక్చరర్ రాజేశ్వర్ రావు ఒక రీలు చూసి లేచి నిలబడ్డాడు. "ఎవరు తీసిన్రు ఇది?" అని అడిగాడు. "మేమే సార్," అన్నాడు సారంగపాణి. ఆ తర్వాత ఎప్పుడో ఆ 'మేమే' కాస్తా 'నేనే' అయింది. మొన్నటి ఆదివారం కాలేజీ ఫిలిం క్లబ్బులో వేసినప్పుడు తెర మీద సారంగపాణి పేరే పడింది. తెర మీద పడేందుకు అట్ట మీద ఆ పేరు ముత్యాల్లాంటి అక్షరాలతో రాసింది సరస్వతే. "ఆడపేరు వెడ్తె ఎవరు జూస్తరు?" అన్నాడతను. నిజమే కదా అనుకుంది.

"నువ్వా?" అన్నాడు నర్సయ్య. ఈసారి అరవలేదు. "నువ్వు తీసినవా?"

"అవును మామా."

"ఎందుకు?"

ఏం చెప్పాలి? ఎందుకు తీసిందో చెప్పడానికి ఆమెకు మాటలు దొరికి ఉంటే, అసలు కెమెరా పట్టేదే కాదేమో.

"అత్తమ్మ మంచిగనిపిచ్చింది. అందుకే తీసిన."

"మంచిగనిపిచ్చిందా!" నర్సయ్య వంటింటి వైపు తిరిగాడు. "ఏమే! నువ్వు తెల్సే కూసున్నవా? నీకు శరం లేకపాయెనా?"

ఊదడం ఆగింది. మొగిలమ్మ గుమ్మం దాకా వచ్చి, కొంగు భుజాల చుట్టూ కప్పుకుని నిలబడింది.

"నాకేం ఎర్క? తలకు పోస్కొని దువ్వుకుంటాన్న. అది ఎనకనుంచి ఏం జేసిందో నేను జూసిన్నా?"

సరస్వతి ఆమె వైపు చూసింది. మొగిలమ్మ చూపు నేల మీద ఉంది.

ఆ మధ్యాహ్నం సరస్వతికి బాగా గుర్తుంది. కిటికీ లోంచి పడే ఎండలో మొగిలమ్మ పీట వేసుకుని తానే కూర్చుంది. "గిటు తిరుగమంటవా, గటు తిరుగమంటవా?" అని అడిగింది. ఒకసారి అయిపోయాక, "మంచిగ వడ్డదా బిడ్డా? ఇంకోసారి దువ్వుకుంటగ," అని ముడి మళ్లీ విప్పుకుంది. ఇప్పుడు అదే మనిషి, తనకేం తెలియదంటోంది.

"ఇగ ఇనుండ్రి," అన్నాడు నర్సయ్య. "గా రీలు ఇయ్యాల కాలాలె. గా కెమెరా అమ్ముడువోవాలె. ఈమె నాయినకు కాజీపేటకు కబురంపుతున్న. వచ్చి తోల్కపోని. కొన్నొద్దులు ఆడనే ఉంటది. ఎవడన్న మచ్చ ఏందని అడిగితె, అసొంటి బొమ్మే లేదు పో అని చెప్త."

మచ్చ. మళ్లీ మచ్చ. భుజం కనపడ్డదని కాదు, రైక లేదని ఒక్కసారి అన్నాడంతే. ఆయన నోట మళ్లీ మళ్లీ ఆ ఒక్క మాటే తిరుగుతోంది. సరస్వతికి అది తెలుసు. ఎందుకో కూడా తెలుసు.

నర్సయ్య పెరట్లోని మగ్గాల కొట్టంలోకి పోయాడు. కాసేపట్లో మగ్గం చప్పుడు మొదలైంది. రోజూ వినే చప్పుడు కాదు అది. ఎవరినో కొడుతున్నట్టుంది.

*

చీకటి గదిలో ఎర్ర బల్బు వెలుగుతోంది. సారంగపాణి లోపలికి వచ్చి తలుపు దగ్గరకు వేశాడు.

"జల్ది కానియ్యి. నాయిన అడుగుతడు."

సరస్వతి రీలు డబ్బాను రెండు చేతులతో పట్టుకుని బల్ల దగ్గర కూర్చుని ఉంది.

"ఎందుకట్ల అన్నవ్?"

"ఏమన్న? ఉన్నదే అన్న. నువ్వు తియ్యలేదా?"

"మొన్న కాలేజీల సార్లందరు నీ చుట్టు చేరి మెచ్చుకున్నప్పుడు ఎందుకనలే?"

అతను ఆరబెట్టిన ఫోటోలను తీగ మీది నుంచి ఒక్కొక్కటే తీస్తున్నాడు. ఎవరో కొత్త దంపతులు. ఇద్దరూ ఊపిరి బిగబట్టుకుని ఉన్నారు.

"నేను వెనక బెంచీల, ఆడపిల్లల నడుమ కూసున్న," అంది సరస్వతి. "పక్క పిల్ల ఏడ్చింది. ఎందుకేడ్చిందో నాకు తెల్సు. నేను తీసిన అని చెప్పాలనిపిచ్చి నోరు దాక వచ్చింది. నీ ఇజ్జత్ పోతదని మింగిన. ఇయ్యాల నీ మీదికి రాంగనే నన్ను ముందటికి నూకినవ్."

"నేను గీ ఇంట్ల బతకాలె సరసూ."

"మరి నేను ఏడ బతకాలె?"

"గిప్పుడు నాతోని కొట్లాడకు. కాలవెట్టు. అయిపోతది. మల్ల ఎప్పుడన్న వేరే తీస్కుందువు."

"గీ రీలుకు నెగెటివ్ ఉండదని నువ్వే గద చెప్పినవ్? ఇది పోతె ఇగ లేదు. ఎక్కడ లేదు."

"నాకు తెల్సు."

"తెల్సే అంటున్నవా?"

అతను ఫోటోలు పక్కన పెట్టాడు. ఒక్క క్షణం అతను పాత మనిషిలా కనిపించాడు. వెల్తురు గురించి చెబుతూ చెబుతూ అన్నం మరిచిపోయే మనిషి. ఆమె పక్కన కూర్చుంటాడేమో అనిపించింది. వీధి వైపు నుంచి ఎవరో "ఫోటోలైనయా అన్నా?" అని పిలిచారు. అతను తలుపు తీసుకుని వెళ్లిపోయాడు.

కొట్లాడి ఉంటే ఆమె ఏడ్చేది కాదు. వెళ్లిపోయాడు కనుక ఏడ్చింది.

*

మగవాళ్ల తిండ్లయ్యాయి. నర్సయ్య మళ్లీ మగ్గం ఎక్కాడు. అప్పుడు తలుపు మెల్లగా తోసుకుని మొగిలమ్మ వచ్చింది. చేతిలో అన్నం గిన్నె ఉంది.

"తిను."

"ఆకలైతలేదు."

గిన్నె బల్ల మీద పెట్టింది కానీ వెళ్లలేదు. ఆ గదిలోకి ఆమె ఎన్నడూ రాలేదు. మందు వాసనకు ముక్కు ముడుచుకుంది. తీగలు, సీసాలు, ఎర్ర బల్బు, అన్నీ చూసింది. ఆఖరికి కోడలి ఒళ్లోని డబ్బాను చూసింది.

"ఇండ్లనే ఉన్ననా నేను?"

"ఆఁ."

"గింత చిన్న దాండ్లనా?"

సరస్వతి మొఖం పక్కకు తిప్పుకుంది. పొద్దుటి మాట ఇంకా గుచ్చుతోంది.

"కోపమొచ్చిందా బిడ్డా?"

"నేనెందుకు కోపం జెయ్యాలె అత్తమ్మా? నువ్వు జూడనే లేదంటివి."

మొగిలమ్మ గోడకానుకుని కూర్చుంది. 

"గాయన ముందట నా నోరు పెగలది," అంది. "నలబై ఏండ్లాయె. కొత్తగ ఇయ్యాల పెగులుతదా?" మళ్లీ డబ్బాను చూసింది. "ఎట్లయితేంది, కాలవెడ్తరట గద. కాలవెట్టే ముందట ఒక్కసారి సూపియ్యవా? ఊళ్లోళ్లందరు జూసిన్రు. నేనొక్కదాన్నే జూడలే."

సరస్వతి లేచింది. ఎదురు గోడకు తెల్ల దుప్పటి మేకులకు తగిలించింది. ప్రొజెక్టరు బల్ల మీద సర్ది, రీలు ఎక్కించింది. ఎర్ర బల్బు ఆర్పింది.

టకటకటకమని చప్పుడు. దుప్పటి మీద వెలుగు పడింది.

మొదట కిటికీ. తర్వాత ఎండలో ఎగిరే పత్తి నూగు. తర్వాత ఒక చెయ్యి. ముడతలు పడ్డ వేళ్లు, రంగు నీళ్లలో నాని నాని నీలంగా మారిన గోళ్లు. ఆ చెయ్యి దువ్వెన పట్టుకుని తడి జుట్టులోకి పోతుంది. పల్చటి తెల్ల జుట్టు. మొఖం ఇంకా కనపడదు. మెడ, వీపు, భుజం. భుజం మీద నిమ్మకాయ తొక్కలా ముడుచుకుపోయిన చర్మం, మెడ కింది నుంచి జబ్బ దాకా. సినిమా అక్కడ ఆగుతుంది. కదలదు. చూసేవాళ్లకు ఇబ్బంది అయ్యేదాకా అక్కడే ఉంటుంది. తర్వాత మెల్లగా అద్దంలోకి పోతుంది.

అద్దంలో మొగిలమ్మ నవ్వుతోంది. ఏదో చెబుతోంది. పెదాలు ఆడుతున్నాయి, కళ్లు చిన్నవవుతున్నాయి, దువ్వెన ఊపుతూ చెబుతోంది. చెప్పి చెప్పి నవ్వు ఆపుకోలేక నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

దుప్పటి తెల్లగా మిగిలింది. రీలు చివర టపటపా కొట్టుకుంటోంది. సరస్వతి మిషన్ ఆపింది.

చీకట్లో మొగిలమ్మ ఊపిరి వినిపిస్తోంది.

"మా అవ్వ లెక్కున్న," అంది. "మా అవ్వ సచ్చిపోయె ముందట అచ్చం గట్లనే ఉండె."

మళ్లీ కాసేపటికి, "నవ్వుతాన్న గద నేను?"

"ఆఁ. నవ్వినవ్."

"నాకు గట్ల నవ్వొస్తదా?" ఆ ప్రశ్న కోడలిని అడిగినట్టు లేదు. "గప్పుడు నేను నీకేం జెప్తాన్న? గంజి ముచ్చట జెప్తాన్ననా?"

సరస్వతి తల ఊపింది. చీకట్లో అది కనపడదని గుర్తొచ్చి, "అవునత్తమ్మా," అంది.

ఆ ముచ్చట మొగిలమ్మ ఎవరికీ చెప్పలేదు. కొడుకుకు కూడా తెలియదు. గంజికుండ చెయ్యి జారి మీద పడిందనే అందరికీ చెప్పింది. కొత్త కాపురంలో ఉన్నప్పుడు, మగ్గం పడుగు నూలుకు పెట్టే గంజి కాస్తూ కునుకు తీసింది. గంజి ఉండలు కట్టింది. నర్సయ్య చూశాడు. కుండ ఎత్తి ఆమె మీద కుమ్మరించాడు. "గంజి పాడైందనే గద కోపం, మల్ల ఉన్న గంజంత నా మీదనే పోస్తివి, ఇగ పడుగుకు ఏం వెడ్తవయ్యా అనడిగిన," అని చెప్పింది ఆ రోజు అద్దం ముందు. "గా మాటకు ఇంకోటి పీకిండు." అలా చెప్పి నవ్వింది. ఎన్నో ఏళ్లుగా తనలో తాను చెప్పుకుని అరగదీసిన మాట, మొదటిసారి ఇంకొకరికి చెప్పినందుకు నవ్వింది.

"నా మాట ఇండ్లనుంచి ఇనవడుతదా?" మొగిలమ్మ గొంతు మారిపోయింది.

"ఇనవడదు. ఇది మూగది. మాట దిగదు."

"పెదాలాడుతున్నయ్ గద!"

"ఎవలకు తెల్వది అత్తమ్మా. ఏదో ముచ్చట చెప్తాంది ముసలామె అనుకుంటరు."

"గాయన జూస్తె?" మొగిలమ్మ లేచి వచ్చి, చీకట్లో తడుముకుంటూ కోడలి చెయ్యి పట్టుకుంది. "మచ్చ మీద నిలవడి నిలవడి, నా మొఖం మీదికొస్తది. నేను నవ్వుకుంట జెప్తాన్న. గాయన ఒక్కసారి జూస్తె సాలు, నేనేం జెప్తాన్ననో గాయనకు ఎర్కైతది. ఈ లోకంల గాయన ఒక్కనికే ఎర్కైతది. రేపు నువ్వు కాజీపేట పోతవ్. నేను గీడనే ఉంటగద బిడ్డా. ఒక్కదాన్నే ఉంట."

సరస్వతి చెయ్యి విడిపించుకోలేదు.

"కాలవెట్టు బిడ్డా. మంచిగుంది. నీ చేతికి మొక్కాలె. నేను గట్ల ఉంటనని నాకే ఎర్కలేదు. కని కాలవెట్టు. గది ఉన్నన్ని రోజులు నాకు నిద్రవట్టది."

మామ చెబితే దాచేది. మొగుడు చెబితే కొట్లాడేది. డబ్బాను చీరల మధ్య చుట్టి కాజీపేట తీసుకుపోయి, తండ్రి రైల్వే పెట్టెలో పడేద్దామని అన్నం గిన్నె వచ్చే దాకా ఆలోచిస్తూనే ఉంది. ఇప్పుడు ఆ మొఖం కల మనిషే వచ్చి అడుగుతోంది. తీసింది తనే. కానీ ఆ భుజం ఎవరిది? ఆ నవ్వు ఎవరిది?

రీలు మిషన్ లోంచి తీసింది. డబ్బాలో పెట్టలేదు. అలాగే మొగిలమ్మ చేతిలో పెట్టింది.

"నీది నువ్వే తీస్కో అత్తమ్మా. నా చేతులతోని నేను కాలవెట్టలేను."

మొగిలమ్మ దాన్ని కొంగు కింద దాచుకుంది. తలుపు తీసినప్పుడు పగటి వెలుగు ఒక్కసారిగా లోపలికి పడింది. సరస్వతి కళ్లు మూసుకుంది.

*

వీధిలో స్కూటర్ ఆగింది.

"సారంగపాణి గారూ! చాయ్ గాదు, ఇయ్యాల స్వీట్ తినిపియ్యాలె మీరు!" రాజేశ్వర్ రావు గొంతు. మనిషి ఉత్సాహంగా ఉన్నాడు. "హైదరాబాద్ నుంచి వచ్చిన మా దోస్తు మొన్న మీ సినిమా చూసిండు గద, రాత్రంత నన్ను పండుకోనియ్యలేదు. వచ్చే ఆదివారం అక్కడ చిన్న సినిమాలు వేస్తున్నరు, ఆడవాళ్ల బతుకుల మీద తీసినవి. మీదే మొదట వెయ్యాలన్నరు. ఒక మగవాడు ఆడమనిషిని ఇట్ల ఎట్ల చూడగలిగిండని అందరు ఒకటే ప్రశ్న. రీలు ఇటియ్యండి, నేనే పట్టుకపోత."

చీకటి గదిలో సరస్వతి ఊపిరి బిగబట్టింది. లేదు సార్ అంటాడు. కాలబెట్టమని చెప్పిన సార్ అంటాడు. లేకపోతే, ఈ ఒక్కసారైనా, నా భార్య తీసింది సార్ అంటాడు.

"అంతా మీ దయ సార్," అన్నాడు సారంగపాణి. గొంతు తగ్గించాడు, మగ్గాల కొట్టం దాకా వినపడకుండా. "కూసోండ్రి. సరస్వతీ! నా రీలు జర ఇటు పట్టుకరా."

నా రీలు.

ఆమె వంటింట్లోకి పరుగెత్తింది.

మొగిలమ్మ పొయ్యి ముందు గొంతుక్కూర్చుని ఉంది. రీలు చుట్ట అప్పటికే మంటలో ఉంది. భగ్గున మండడం లేదు అది. ఉడుకు నీళ్లలో పడ్డ పురుగులా మెలికలు తిరుగుతూ, కరిగి, నల్లటి బుడగలై కట్టెల మీదికి కారుతోంది. ఇల్లంతా చేదు వాసన. ఒక కొస ఇంకా బయటే ఉంది. జానెడు ముక్క. సరస్వతి చెయ్యి చాచింది.

"చెయ్యి గాల్తది బిడ్డా," అంది మొగిలమ్మ.

చాచిన చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. ఆ ముక్క కూడా ముడుచుకుని లోపలికి పోయింది.

"ఏం వాసనే ఇది?" సారంగపాణి గుమ్మంలోకి వచ్చాడు. పొయ్యిలోకి చూశాడు. మొఖం పాలిపోయింది. "కాలవెట్టినవా? అప్పుడే?"

"నువ్వే గద జల్ది కానియ్యమంటివి."

"హైదరాబాద్ సరసూ! హైదరాబాద్ల వేస్తరట!" అతని కళ్లల్లో నీళ్లు తిరిగాయి. అవి దొంగ నీళ్లు కావు. అందుకే ఆమెకు ఇంకా ఎక్కువ అసహ్యం వేసింది, ఇంకా ఎక్కువ జాలి కూడా వేసింది. అతను ముక్కు తుడుచుకుని స్టూడియోలోకి తిరిగి వెళ్లాడు. మాటలు గోడ అవతలి నుంచి వినపడుతూనే ఉన్నాయి.

"రీలు జర ఖరాబైంది సార్. ఏం ఫికర్ లేదు. నేను మల్ల తీస్త. మా అవ్వనే కూసోవెట్టి మల్ల తీస్త."

మొగిలమ్మ ఉలిక్కిపడింది.

సరస్వతి లేచింది. పరాయి మగవాళ్లు కూర్చుని ఉండగా ఆ ఇంటి కోడళ్లు ముందు గదిలోకి పోరు. ఆమె కొంగు సర్దుకుంది. నడిచింది. గుమ్మం దాటింది.

"నమస్తే సార్. గా సినిమా నేను తీసిన. ఇగ అది లేదు. మల్ల తియ్యరాదు."

రాజేశ్వర్ రావు కుర్చీలోంచి సగం లేచాడు. ఆమెను ఆయన గుమ్మం చాటు నుంచి చాయ్ గ్లాసులు అందించే చేతులుగా తప్ప ఎన్నడూ చూడలేదు. ఆమె మొఖం చూశాడు, ఏడ్చి ఉబ్బిన కళ్లు, మందు మరకలంటిన చేతులు, చెదిరిన జుట్టు. తర్వాత సారంగపాణి వైపు తిరిగాడు.

"ఏందిది? నిజమేనా?"

పెరట్లో మగ్గం చప్పుడు ఆగిపోయింది.

సారంగపాణి పెదాలు తడుపుకున్నాడు. భార్య అతని వైపే చూస్తోంది. బతిమాలడం లేదు, బెదిరించడం లేదు, ఊరికే చూస్తోంది. అతను ఆ చూపును భరించలేకపోయాడు.

"ఆమెకు జర మతి సక్కగ ఉంటలేదు సార్," అన్నాడు. "కొన్నొద్దులసంది గిట్లనే. గిప్పుడే నా రీలు పొయ్యిల వెట్టింది."

రాజేశ్వర్ రావు మళ్లీ ఆమె వైపు చూశాడు. ఈసారి చూపు వేరు. మెత్తగా ఉంది, దూరంగా ఉంది. దవాఖాన వరండాలో బల్ల మీద పడుకున్న మనిషిని దాటుకుంటూ పోయేవాళ్లు చూసే చూపు. ఎన్ని రకాల చూపుల కోసమో సరస్వతి కెమెరా పట్టుకుని తిరిగింది. ఇది ఆమెకు ఎప్పుడూ దొరకలేదు.

"అయ్యో," అన్నాడాయన. "డాక్టర్‌కు చూపిచ్చిన్రా?"

ఆమెను కాదు, సారంగపాణిని అడిగాడు.

జవాబు నడవా లోంచి వచ్చింది. నర్సయ్య వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఎంతవరకు విన్నాడో తెలియదు కానీ, వినాల్సింది విన్నాడు. మొఖంలో పొద్దుటి కోపం లేదు. దారి దొరికిన మనిషి మొఖం అది.

"రేపు తోల్కపోతున్నం సార్," అన్నాడు శాంతంగా. "మతి లేని మనిషి ఏం తీసిందో, ఏం జెప్పిందో ఎవరు పట్టిచ్చుకుంటరు? జర మీ కాలేజీల పోరగాండ్లకు గూడ చెప్పుండ్రి."

సరస్వతి నోరు తెరిచింది. ఏమన్నా అంటే అది కూడా మతి లేని మాటే అవుతుందని అప్పుడు తెలిసింది. అరిస్తే పిచ్చి. ఏడిస్తే పిచ్చి. గోడకు ఆనుకుంది. ఫోటోల కోసం వెనక కట్టిన రంగు తెర, తోటా ఫౌంటెనూ బొమ్మ గీసిన తెర, ఆమె బరువుకు కొంచెం ఊగింది.

రాజేశ్వర్ రావు స్కూటర్ తాళం చెవి తీసుకుని లేచాడు.

"సారూ, జర ఆగుండ్రి."

ఆ గొంతు ఆ గదిలో ఎవరూ ఎన్నడూ వినలేదు. నర్సయ్య తప్ప ముగ్గురూ తిరిగి చూశారు. మొగిలమ్మ వంటింటి గుమ్మం దాటి, నడవా దాటి, మొగుడి వెనకకు వచ్చి నిలబడింది. చేతులనిండా బూడిద ఉంది.

"లోపటికి పోవే," అన్నాడు నర్సయ్య, తల తిప్పకుండానే.

మొగిలమ్మ భుజాల చుట్టూ కప్పుకున్న కొంగును పట్టుకుంది. మచ్చ ఉన్న భుజం మీది నుంచి దాన్ని కొంచెం పక్కకు జరిపింది. పెదాలు ఆడుతున్నాయి. మాట మాత్రం ఇంకా రాలేదు.